సాగర్ గేట్లు, గ్లాసెడు నీళ్లు

ప్రశ్న: మాది మిర్యాలగూడ. మావారికి 36 ఏళ్లు. పెళ్లిళ్లలో, కాలేజీ వార్షికోత్సవాల్లో మిమిక్రీ చేసేవారు. నాలుగేళ్లుగా హైదరాబాద్ వెళ్లి స్టాండప్ కామెడీ కూడా చేస్తున్నారు. రెండు కిడ్నీలూ పాడై, తొమ్మిది నెలలుగా మంగళ, గురు, శనివారాల్లో డయాలసిస్ చేయించుకుంటున్నారు. ఇప్పుడు ఆ జబ్బు మీదే జోకులు. "మా ఆవిడ నాకు నీళ్లు పోసేంత పొదుపుగా సాగర్ గేట్లు కూడా ఎత్తరు" అంటే హాలంతా నవ్వింది, నాకు ఏడుపొచ్చింది. పోయిన నెల షో కోసం శనివారం డయాలసిస్ ఎగ్గొట్టారు. అత్తయ్య ఇక స్టేజీ ఎక్కొద్దంటున్నారు. ఇంట్లో ఏమడిగినా జోకే. నేను మాన్పించాలా?

జవాబు: సాగర్ గేట్ల మాటకు నాకూ నవ్వొచ్చిందమ్మా, ఏమీ అనుకోకండి. ఎడమ కాలువ నీళ్లకోసం ఎదురుచూసిన ఊళ్లో పుట్టినవాడికే తట్టే జోకు అది. కానీ కిడ్నీలు పాడైన మనిషి నీళ్లు కొలిచే తాగాలి కాబట్టి, నాలుక పిడచకట్టుకుపోయిన భర్తకు గ్లాసు కొలిచి ఇవ్వడం ఎంత నరకమో ఆ హాల్లో మీకొక్కరికే తెలుసు.

మాన్పించకండి. వారంలో మూడు రోజులు నాలుగేసి గంటలు యంత్రం పక్కన పడుకునే మనిషికి, తన పనితనం తనకు కనబడే చోటు అదొక్కటే మిగిలింది. అమెరికాలో టిగ్ నొటారో అనే కమెడియన్ రొమ్ము క్యాన్సర్ అని తేలిన కొద్ది రోజులకే, 2012 ఆగస్టులో, లాస్ ఏంజలెస్‌లో వేదికెక్కి ఆ సంగతే చెప్పింది. ఆమె వేదికా మానలేదు, చికిత్సా మానలేదు. మీవారు ఆ రెండోది మరిచారు.

శనివారం ఎగ్గొడితే గురువారం తర్వాత మళ్లీ మంగళవారమే, అంటే ఐదు రోజులు. ఈలోగా ఒంట్లో పొటాషియం పెరిగితే గుండె లయ తప్పుతుంది, నీరు ఊపిరితిత్తుల్లోకి చేరుతుంది. ఇందులో బేరమే లేదని కచ్చితంగా చెప్పండి. సోమ, బుధ, శుక్రవారాల బ్యాచ్‌కు మార్చమని మీ సెంటర్‌లో అడగండి. ఖాళీ లేకపోతే పేరు రాయించి ఉంచండి. అప్పుడు శనివారం షోలకు అడ్డే ఉండదు. శనివారం గొడవ తీరితే అత్తయ్య భయం సగం తగ్గుతుంది. ఆవిడను షోకు మాత్రం తీసుకెళ్లకండి. కొడుకు జబ్బు మీద నలుగురూ నవ్వుతుంటే ఏ తల్లి చూడగలదు?

కిడ్నీ మార్పిడి గురించి మీరేమీ రాయలేదు. చనిపోయినవారి అవయవాలను అవసరమైనవారికి ఇప్పించే ప్రభుత్వ పథకం జీవన్‌దాన్‌లో పేరు నమోదు చేయించారా? ఆరోగ్యశ్రీ పరిమితి 2023 డిసెంబరులో 10 లక్షలకు పెరిగింది. డాక్టరును అడగండి.

ఇక జోకులు. ఆయన కిడ్నీల మీద ఆయన ఏమైనా వేసుకోవచ్చు. గ్లాసు పట్టుకున్న చెయ్యి మీది. మీ మీద వేసేది ఏదైనా ముందు మీకు వినిపించాలి, మీరు వద్దంటే తీసేయాలి. ఈ మాట నవ్వకుండా చెప్పండి.

మీ ఉత్తరంలో నన్ను కుదిపింది ఆఖరి మాట, ఇంట్లో ఏమడిగినా జోకే అన్నది. ఎదురుగా కూర్చోబెట్టి "మనసు విప్పండి" అంటే ఆయన ఇంకో జోకు వేస్తారు, అది ఆయన వృత్తి. మరో దారి ఉంది. డయాలసిస్ కోసం చేతికి ఫిస్టులా వేసి ఉంటే, అంటే ఆపరేషన్ చేసి చేతిలోని ధమనిని సిరతో కలిపి ఉంటే, దాని మీద వేళ్లు పెడితే జుయ్‌మని అదురు తెలుస్తుంది. అది ఉందో లేదో రోజూ చూసుకోమని డాక్టర్లు చెబుతారు. పొద్దున్నే ఆ పని మీరు చేయండి. ఒక నిమిషం ఆయన చెయ్యి మీ చేతిలో ఉంచుకోండి, ఏమీ అడగకండి. మొదటి వారం ఆటో ఇంజన్ అనో, తుమ్మెద అనో ఏదో ఒకటి అంటారు. అననివ్వండి. ఏదో ఒక పొద్దున ఏమీ అనరు. ఆ పూట కాఫీ కాస్త ఆలస్యమైనా లేవకండి.

ఆ అదురు తెలియకపోతే మాత్రం, ఆయన ఎంత నవ్వించినా సరే, వెంటనే ఆసుపత్రికి బయలుదేరండి.