సొంతంగా వేసుకునే నవలలు: మీ ప్రశ్నలు, మా జవాబులు

ప్ర: మణికొండలో ఉండే అమ్మాయికీ, అంగారకుడి మీద స్థావరంలో పనిచేసే అబ్బాయికీ మధ్య ప్రేమకథ రాశాను. 55 వేల మాటలు వచ్చింది. చదివినవాళ్లలో ఒకరు రొమాన్స్ అన్నారు, ఇంకొకరు సైన్స్ ఫిక్షన్ అన్నారు. అట్ట మీద ఏమని వేసుకోవాలి? ఒక అధ్యాయం జత చేస్తున్నాను.
– పాఠకురాలు, కూకట్‌పల్లి

జ: అబ్బాయిని అంగారకుడి మీద నుంచి దించి దుబాయ్‌లో పెట్టి చూడండి. కథలో ఏమీ మారకపోతే అది ఉత్త ప్రేమకథే. దానికి రాకెట్ బొమ్మ వేస్తే సైన్స్ ఫిక్షన్ అనుకుని కొన్నవాళ్లు తిట్టుకుంటారు. ప్రేమ తీసేసినా కథ ఇబ్బంది లేకుండా నడిచిపోతే అది సైన్స్ ఫిక్షన్. రెండిట్లో ఏది తీసినా కూలిపోతుందంటే, సైన్స్ ఫిక్షన్ రొమాన్స్ అని ధైర్యంగా వేసుకోండి. రొమాన్స్ అన్నాక చివరికి ఇద్దరూ కలవాలి, లేదా కలుస్తారన్న నమ్మకమైనా మిగలాలి. ఆఖరి పేజీలో హీరోని చంపే ఉద్దేశం ఉంటే ఆ మాట అట్ట మీదకి రానివ్వకండి.

మీరు పంపిన అధ్యాయంలో వీళ్లిద్దరూ వీడియో కాల్‌లో మాటకి మాట అనుకుంటున్నారు. అది కుదరదు. భూమి నుంచి అంగారకుడికి సిగ్నల్ ఒకవైపు చేరడానికే, దూరాన్ని బట్టి 3 నుంచి 22 నిమిషాలు పడుతుంది. ‘కోపమా?’ అని అడిగి, ‘లేదు’ అన్న జవాబు వచ్చేలోపు అన్నం వండేసుకోవచ్చు. దీన్ని దాటవేయకండి, మీ కథకి ఆయువుపట్టు ఇదే. ఇంకోటి: దాదాపు 26 నెలలకోసారి రెండు గ్రహాల మధ్యకి సూర్యుడు వస్తాడు. ఆ సమయంలో సుమారు రెండు వారాలు సందేశాలు నమ్మకంగా చేరవు. అపార్థాలకి ఇంతకంటే మంచి ముహూర్తం మీకు దొరకదు.

ప్ర: యమలోకంలో ఫైళ్లన్నీ కంప్యూటర్ ఎక్కించే హాస్య ఫాంటసీ నాది. జోకులు సగం పేజీ అడుగున ఫుట్‌నోట్లలో ఉన్నాయి. ఇ-పుస్తకంలో ఎలా వస్తాయి?
– పాఠకుడు, ఉప్పల్

జ: ఇ-పుస్తకంలో ‘పేజీ అడుగు’ అనేదే ఉండదు. ఫుట్‌నోట్లన్నీ అధ్యాయం చివరికో పుస్తకం చివరికో పోతాయి. పాఠకుడు అంకె మీద నొక్కి, చదివి, వెనక్కి వచ్చేసరికి జోకు చల్లారిపోతుంది. ఒక్క వాక్యంలో ముగిసే వాటిని కథలోకే ఎక్కించండి. పెద్దవి నాలుగైదు ఉంచుకుంటే చాలు. అచ్చులో మాత్రం ఎన్నున్నా ఇబ్బంది లేదు.

ప్ర: డీటీపీ (కంప్యూటర్‌లో పేజీలు కూర్చడం) అను ఫాంట్స్‌లో చేయించాను. పీడీఎఫ్ బాగానే ఉంది. ఇ-పుస్తకం కోసం, ఫోన్లలో, ఇంటర్‌నెట్‌లో వాడే యూనికోడ్‌లోకి మార్పిస్తే ఒత్తులు చెదిరిపోయాయి. ‘స్పేస్‌షిప్’ కాస్తా ‘స్పేస్షిప్’ అయింది. ఎక్కడ తేడా కొట్టింది?
– పాఠకుడు, బోడుప్పల్

జ: ఇవి రెండు వేర్వేరు జబ్బులు. అను ఫాంట్లలో ఫైలు లోపల ఉండేది నిజంగా తెలుగు కాదు. ఇంగ్లిష్ అక్షరాల సంకేతాలకి తెలుగు ముక్కల బొమ్మలు తొడుగుతారు. కాగితం మీద బాగానే పడుతుంది కానీ, పీడీఎఫ్‌లోంచి ఒక వాక్యం కాపీ చేసి వాట్సాప్‌లో అతికిస్తే చెత్త కనిపిస్తుంది. కన్వర్టర్ ఆ ముక్కల్ని ఏరి తిరిగి కూర్చాలి. ఒత్తూ గుణింతమూ ఒకే అక్షరానికి పడినచోట అది తరచూ తడబడుతుంది. కన్వర్ట్ చేశాక మొత్తం నవలకి మళ్లీ ప్రూఫ్ చూడక తప్పదు. నమూనా చూసి వదిలేస్తే పాఠకులే మీకు ప్రూఫ్ దిద్ది పెడతారు, రివ్యూల్లో.

రెండోది కంటికి కనిపించని అక్షరం గొడవ. పొల్లు తర్వాత హల్లు వస్తే యూనికోడ్ దాన్ని ఒత్తుగా మార్చేస్తుంది. వద్దనుకుంటే మధ్యలో ‘నాన్ జాయినర్’ పెట్టాలి. విండోస్‌లో వర్డ్ వాడుతుంటే, ఆ చోట 200సి అని టైపు చేసి (చివరిది ఇంగ్లిష్ సి) ఆల్ట్, ఎక్స్ కలిపి నొక్కండి. పేజీలు కూర్చే సాఫ్ట్‌వేర్ ఇన్‌డిజైన్‌లో అయితే ప్రత్యేక అక్షరాల మెనూలో ఉంటుంది. సైన్స్ ఫిక్షన్‌లో ఈ బాధ మరీ ఎక్కువ: రోబోట్‌తో, మార్స్‌లో, సాఫ్ట్‌వేర్... విభక్తో ఇంకో మాటో తగిలిన ప్రతిచోటా చూసుకోవాలి.

వచ్చే నవల మొదటినుంచీ యూనికోడ్‌లోనే కొట్టించండి. ఇన్‌డిజైన్‌లో పేరాకి ‘వరల్డ్ రెడీ కంపోజర్’ అనే సెట్టింగ్ పెట్టకపోతే ఒత్తులు విడిపోయి పక్కకి వస్తాయి, ఫాంటుని తిట్టి లాభం లేదు. లోపలి పేజీలకి మండలి ఫాంటు బాగుంటుంది, ఉచితం కూడా. అక్షరం 12 పాయింట్లయితే లైన్ల ఎడం 17, 18 ఉండాలి. లేకపోతే పై లైను ఒత్తులు కింది లైను గుడుల మీద కూర్చుంటాయి.

ప్ర: ఎన్ని కాపీలు వేయాలి? ధర ఎంత పెట్టాలి?
– పాఠకురాలు, నల్లకుంట

జ: మొదటి నవలకి 200 నుంచి 300. ఆ సంఖ్య వరకు ఫైలు నుంచి నేరుగా అచ్చేసే డిజిటల్ ప్రింటింగ్ మేలు, ప్లేట్లు చేసి అచ్చేసే ఆఫ్‌సెట్ గిట్టేది ఆపైనే. ‘వెయ్యి వేస్తే కాపీ చవగ్గా పడుతుంది’ అని ప్రెస్సులో అంటారు. నిజమే, కానీ అమ్ముడుపోని ఏడొందలు మీ మంచం కిందే ఉంటాయి. నవలలకి మామూలుగా వాడే డెమీ సైజులో పేజీకి 220 నుంచి 250 మాటలు పడతాయి. ఆఫ్‌సెట్‌కి వెళ్తే ఫారానికి (అచ్చేసి మడతపెట్టే పెద్ద కాగితానికి) 16 పేజీలు కాబట్టి, 200 పేజీలు వచ్చినచోట 192కో 208కో సర్దండి. లోపలికి 70 జీఎస్ఎం (చదరపు మీటరుకి గ్రాముల్లో కాగితం బరువు) మ్యాప్‌లితో కాగితం, అట్టకి 300 జీఎస్ఎం ఆర్ట్ కార్డు అని కొటేషన్‌లో రాయించుకోండి. అట్ట వీపు వెడల్పు మాత్రం అదే కాగితంతో కట్టిన డమ్మీ (ఖాళీ నమూనా పుస్తకం) చూశాకే ఖాయం చేయాలి.

ధర విషయం. కాపీకి 90 రూపాయలు పడిందనుకోండి. ధర 200 పెట్టి దుకాణానికి 40 శాతం వదిలితే చేతికొచ్చేది 120. మిగిలిన 30లోంచే అట్ట బొమ్మ, ఆటో, ఉచిత కాపీలు అన్నీ వెళ్లాలి. 250 పెడితే 60 మిగులుతుంది. ధర ఖర్చుకి దాదాపు మూడు రెట్లు లేకపోతే దుకాణాల జోలికి వెళ్లకండి, నేరుగా అమ్ముకోండి. డిసెంబర్ ప్రాంతంలో హైదరాబాద్ ఎన్టీఆర్ స్టేడియంలో జరిగే బుక్ ఫెయిర్‌కి ఒక్క పుస్తకంతో స్టాలు తీసుకుంటే అద్దె కూడా రాదు. ఇవే తరహా నవలలు రాసే నలుగురైదుగురు కలిసి తీసుకోండి.

ప్ర: అమెజాన్ వాళ్ల ఇ-పుస్తకాల దుకాణం కిండిల్‌లో తెలుగు నవల పెట్టొచ్చా? ఐఎస్‌బీఎన్ కొనుక్కోవాలా?
– పాఠకుడు, చిక్కడపల్లి

జ: 2016లో కిండిల్ మన భాషల పుస్తకాలు మొదలుపెట్టినప్పుడు హిందీ, తమిళం, మరాఠీ, గుజరాతీ, మలయాళం తీసుకుంది. తెలుగు లేదు. ఎక్కించే ముందు వాళ్ల భాషల జాబితా చూసుకోండి. అందులో తెలుగు కనిపించకపోతే, ఇంకో భాష పేరు టిక్ పెట్టి దొంగదారిన వెళ్లకండి, ఖాతాకే ఎసరు. సీరియల్‌గా ఇవ్వాలనుకుంటే ప్రతిలిపి యాప్ ఉంది.

ఐఎస్‌బీఎన్, అంటే పుస్తకానికి ఇచ్చే అంతర్జాతీయ గుర్తింపు సంఖ్య, మన దేశంలో ఉచితం. ఇచ్చేది ఢిల్లీలోని రాజా రామ్మోహన్ రాయ్ ఏజెన్సీ, రచయితలూ ఆన్‌లైన్‌లో దరఖాస్తు చేసుకోవచ్చు. ఎవరైనా డబ్బు అడిగితే అది వాళ్ల సర్వీసు చార్జీ. అచ్చు పుస్తకానికీ ఇ-పుస్తకానికీ వేర్వేరు నంబర్లు కావాలి.

అలాగే, 1954 నాటి చట్టం ప్రకారం పుస్తకం వెలువడిన 30 రోజుల్లోపు కోల్‌కతా నేషనల్ లైబ్రరీకీ, చెన్నై, ముంబయి, ఢిల్లీలలో నిర్దేశించిన గ్రంథాలయాలకీ ఒక్కో కాపీ ప్రచురణకర్త సొంత ఖర్చుతో పంపాలి. సొంతంగా వేసుకుంటే ప్రచురణకర్త మీరే కాబట్టి, అచ్చు లెక్కలో ఆ నాలుగు కాపీలూ కలుపుకోండి.