మెటాలికా 'గరాజ్ ఇంక్.' వదిలేయొచ్చా? వదలొద్దు, రెండో డిస్క్ ముందు వినండి

అమెరికన్ హెవీ మెటల్ బ్యాండ్ మెటాలికా రెండు డిస్కుల ఆల్బమ్ 'గరాజ్ ఇంక్.'లో అన్నీ వేరేవాళ్ల పాటలే కదా, బేస్ గిటార్ నేర్చుకుంటున్న నాకు అది ఏం పనికొస్తుంది అని అడిగారు. బేస్ నేర్చుకునేవాళ్లకే ఎక్కువ పనికొస్తుందండీ.

మొదటి డిస్క్ దాదాపు అంతా 1998లో కొత్తగా రికార్డ్ చేసింది. బాగుంటుంది, అందులోని 'విస్కీ ఇన్ ద జార్'కి గ్రామీ కూడా వచ్చింది. కానీ అసలు సరుకంతా రెండో డిస్క్‌లోనే ఉంది. అప్పటిదాకా ఎక్కువగా సింగిల్ రికార్డుల వెనకవైపు ఉండిపోయిన పాటలు, మార్కెట్లో దొరకకుండా పోయిన 1987 నాటి ఈపీ (కొన్ని పాటల చిన్న రికార్డ్) మొత్తం అందులో ఉన్నాయి (షాపులవాళ్లు ఎక్కువకి అమ్మకుండా 5.98 డాలర్లు అని ధరని ఆ ఈపీ పేరులోనే పెట్టేశారు).

సైనిక్‌పురిలో ఫ్రెండ్ వాళ్ల డాబా మీద గదిలో మా బ్యాండ్ ప్రాక్టీస్ చేసేది, నాది బేస్. అప్పట్లో నా దగ్గర సికింద్రాబాద్‌లో కొన్న ఎంపీత్రీ సీడీయే ఉండేది, ఏ పాట ఏ ఏడాదిదో తెలిసేది కాదు. ఒరిజినల్ డబుల్ సీడీ దొరికి, బుక్‌లెట్ చూస్తూ విన్నాక గానీ విషయం అర్థం కాలేదు. ముందు రెండో డిస్క్‌లో 6వ, 7వ పాటలు వినండి, 'యామ్ ఐ ఈవిల్?', 'బ్లిట్జ్‌క్రీగ్'. అవి 1984వి, బేస్ క్లిఫ్ బర్టన్‌ది. 1986లో స్వీడన్‌లో బస్సు ప్రమాదంలో ఆయన పోయాక జేసన్ న్యూస్టెడ్ వచ్చాడు, ఆయన మెటాలికాతో చేసిన మొదటి రికార్డింగే ఆ ఈపీ, అంటే ఈ డిస్క్‌లో మొదటి అయిదు పాటలు. 1988లో వచ్చిన 'అండ్ జస్టిస్ ఫర్ ఆల్' ఆల్బమ్‌లో ఎంత చెవి పెట్టి విన్నా ఆయన బేస్ దాదాపు వినపడదు, అదే మనిషి ఇక్కడ 'క్రాష్ కోర్స్ ఇన్ బ్రెయిన్ సర్జరీ'లో ఎంత గట్టిగా, ఎంత స్పష్టంగా ఉంటాడో చూడండి! ఆ ఒక్క పాట మీదే మా ప్రాక్టీస్ సాయంత్రాలు చాలా గడిచాయి, వేళ్లు నొప్పి పుట్టినా ఆపబుద్ధి అయ్యేది కాదు.

తర్వాత ఒరిజినల్స్ తప్పకుండా వినాలి, ముఖ్యంగా ఇంగ్లిష్ బ్యాండ్ డైమండ్ హెడ్ పాటలు. మెటాలికా డ్రమ్మర్ లార్స్ ఉల్‌రిక్ 17 ఏళ్ల వయసులో, 1981లో, వాళ్ల కోసమే ఇంగ్లండ్ వెళ్లి వాళ్ల దగ్గరే కొన్నాళ్లు ఉన్నాడు. రెండూ పక్కపక్కన పెట్టి వింటే మెటాలికా ఆ రిఫ్‌లని (పాటలో మళ్లీ మళ్లీ వచ్చే గిటార్ ముక్కల్ని) ఎక్కడ బిగించిందో, ఎక్కడ ముట్టుకోకుండా వదిలేసిందో తెలుస్తుంది, ఇది ఏ ట్యాబ్ (ఏ తీగ మీద ఎక్కడ నొక్కాలో రాసిన కాగితం) చూసినా రాదు.

రెండో డిస్క్‌లో చివరి నాలుగూ ఇంగ్లిష్ బ్యాండ్ మోటర్‌హెడ్ పాటలు. ఆ బ్యాండ్ గాయకుడు, బేసిస్ట్ లెమ్మీ 50వ పుట్టినరోజుకి మెటాలికా నలుగురూ ఆయనలాగే వేషం వేసుకుని స్టేజీ ఎక్కారు, ఆ పార్టీ కోసం నేర్చుకున్న పాటలివి. లెమ్మీ బేస్‌ని గిటార్‌లా కార్డ్స్ పట్టి వాయించేవాడు కాబట్టి వీటిని మాత్రం ఒరిజినల్ విన్నాకే నేర్చుకోండి.