మద్దికొమ్మ, దసలి పురుగు, మేరియన్ కుంచె

ప్రశ్న: మా ఇంట్ల నల్లమద్ది చెట్ల మీద దసలి (టసర్) పట్టుపురుగులు మేపుతరు. నేను డిగ్రీలో వృక్షశాస్త్రం చదువుతున్న. మరియా సిబిల్లా మేరియన్ అనే ఆమె పట్టుపురుగులతోనే బొమ్మలు మొదలుపెట్టిందని విన్న. ఎవరామె? ఆమె తీరుగ మా మద్దికొమ్మ వెయ్యాల్నంటే ఎట్ల?
– ఒక పాఠకురాలు, మహదేవపూర్

జవాబు: పురుగుల బొమ్మల వరకు విన్నది నిజమే. 1647లో జర్మనీలోని ఫ్రాంక్‌ఫర్ట్‌లో పుట్టింది. మారుతండ్రి యాకోబ్ మారెల్ పూలబొమ్మలు వేసేవాడు, కుంచె పట్టడం ఆయన దగ్గరే నేర్చింది. 13వ ఏట పట్టుపురుగులు పెంచడం మొదలుపెట్టింది. పురుగులు బురదలోంచి, కుళ్లులోంచి వాటంతటవే పుడతాయని చాలామంది నమ్మిన రోజులవి. 1679లో ఆమె తెచ్చిన గొంగళిపురుగుల పుస్తకంలో 50 ఫలకాలు (అచ్చుబొమ్మల పుటలు) ఉంటే, మొదటిదే మల్బరీ మీద పట్టుపురుగు. గుడ్డు, పురుగు, గూడు, రెక్కలొచ్చిన పురుగు, అన్నీ అది తినే మొక్క మీదే, ఒకే పుటలో! పురుగు కొరికిన ఆకును కూడా ఆమె దాచలేదు. 1699లో, 52 ఏళ్ల వయసులో, చిన్న కూతురు డొరొతియాతో ఓడెక్కి దక్షిణ అమెరికాలోని సురినాం చేరింది. జబ్బుపడి 1701లో తిరిగొచ్చింది. 1705లో సురినాం పురుగుల మీద 60 ఫలకాల పెద్ద పుస్తకం అచ్చయింది.

ఇక పని సంగతి. గొంగళిపురుగు ఎండితే ముడుచుకుపోతుంది, సారాయిలో వేస్తే రంగు పోతుంది. అందుకే ఆమె దాన్ని బతికుండగానే చిన్న తోలుముక్క మీద, ఉన్న సైజులోనే వేసుకునేది. రెక్కల పురుగును పెట్టెలో గుచ్చి దాచవచ్చు గనక దాని బొమ్మ తర్వాత. మీరూ ఈ వరసే పట్టండి. పురుగు జ్వరానికి కూర్చున్నప్పుడు, అంటే పొర విడిచే ముందు, కదలదు. కొలతలకు అదే అదను. డివైడర్‌తో కొలిచి దించండి. ఫోన్ ఫొటో చూసి వేస్తే ముందున్న ఆకు అసలుకంటే పెద్దదై కూర్చుంటుంది.

నీటిరంగులకు కాగితం 300 జీఎస్ఎం (చదరపు మీటరుకు 300 గ్రాముల బరువు), నున్నటిది తీసుకోండి. పలచటిదైతే రెండో పూతకే ఉబ్బి, రంగు గుంటల్లో చేరుతుంది. 4వ నంబరు కుంచె మొన బాగుంటే ముప్పాతిక పని దానితోనే అయిపోతుంది, నూగుకు 1వ నంబరు. ట్యూబులో దొరికే ఆకుపచ్చ నేరుగా వాడితే ప్లాస్టిక్ ఆకే. లెమన్ ఎల్లో, అల్ట్రామెరీన్ నీలం కలిపి, బర్న్ట్ సియెన్నా అనే ఎర్రటి గోధుమరంగు చిటికెడు వేయండి. నీడకు నలుపు వద్దు, ఆకు మసిబారుతుంది. పురుగు పక్కల మెరిసే వెండిచుక్కలకు తెల్లరంగు పెట్టకండి, కాగితాన్నే ముందుగా వదిలేయాలి.

ఒక ఆకునైనా తిరగేసి వేయండి. తొడిమ దగ్గర, నడిమి ఈనె మీద ఉండే చిన్న గుబ్బలు వెనకవైపే కనిపిస్తాయి, మద్దిని పట్టిచ్చే గుర్తుల్లో అదొకటి. గూడుకు కాడ ఉంటుంది, అది కొమ్మను ఉంగరంలా చుట్టుకుంటుంది. కాడ మరిచారో, మల్బరీ గూడును మద్దికి వేలాడదీసినట్టే.

ప్రశ్న: మన వాకిట్లో పూసే రత్నగంధి ఆమె పుస్తకంలో ఉందా?
– ఒక పాఠకుడు, హనుమకొండ

జవాబు: ఉంది, సురినాం పుస్తకంలో 45వ ఫలకం. బొమ్మకన్నా దాని పక్కన రాసింది బరువైనది. తమ పిల్లలు బానిసలు కాకూడదని అక్కడి బానిస స్త్రీలు ఈ గింజలతో గర్భం పోగొట్టుకునేవారని, ఆ మాట వాళ్లే తనతో చెప్పారని రాసింది. (గింజల జోలికి పోకండి, ప్రమాదం.) వేసేటప్పుడు చాలామంది తడబడేది ఇక్కడ: ఐదు రేకుల్లో ఒకటి మిగతావాటికంటే చిన్నది. పొడవాటి ఎర్ర కేసరాలు పది, పూవు దాటి బయటికొస్తాయి. లెక్కపెట్టి వేయండి.

ప్రశ్న: ఆమె బొమ్మల్లో తప్పులున్నాయంటారు, నిజమేనా?
– ఒక ఉపాధ్యాయురాలు, జనగామ

జవాబు: కొన్ని ఉన్నాయి, కానీ ఎక్కువ తిట్లు తిన్నది తప్పు కానిదానికి. అదే పుస్తకం 18వ ఫలకంలో జామకొమ్మ మీద పెద్ద సాలీడు పిట్టను పట్టుకుని ఉంటుంది. అది కట్టుకథన్నారు. అమెజాన్ అడవుల్లో అలాంటిదే చూశానని 1863లో ఇంగ్లండ్ ప్రకృతి శాస్త్రవేత్త హెన్రీ బేట్స్ రాశాక ఆ మాట తగ్గింది. అసలు పొరపాటు అదే కొమ్మ మీది చీమల్లో ఉంది: ఆకులు కోసే చీమలనూ, దండుగా వేటాడే చీమలనూ ఒకటే అనుకుని కలిపేసింది. వేరువేరు రోజుల్లో చూసినవాటిని ఒకే కొమ్మకు ఎక్కిస్తే వచ్చే చిక్కిది. పిల్లలతో వేయిస్తున్నట్టయితే, ప్రతి చిత్తుబొమ్మ వెనక తేదీ, చెట్టు పేరు, కొలత పెన్సిల్‌తో రాయించండి.