బర్మా కాందిశీకుల మాటలు రికార్డు చేయబోయే అమ్మాయికి

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

కాకినాడ, కోరంగి వైపు మిగిలిన బర్మా కాందిశీకుల చేత వారి కథ చెప్పించి డాక్యుమెంటరీ తీస్తానని రాశావు. 1962 మార్చి 2న జనరల్ నే విన్ సైన్యం ప్రభుత్వాన్ని కూలదోసిన తరువాత దుకాణాలను జాతీయం చేసి, 1964లో 50, 100 క్యాట్ల నోట్లను రద్దు చేసి, తరతరాలుగా రంగంలో (రంగూన్, ఇప్పటి యాంగూన్‌లో) స్థిరపడ్డ మనవాళ్లు కట్టుబట్టలతో ఓడ ఎక్కేలా చేసిన తీరు కళ్లారా చూసినవారు ఏటికేడాది తగ్గిపోతున్నారు. ఆలస్యం చేయవద్దు.

కెమెరా బిగించక ముందే సాక్షి క్షేమం ఆలోచించు. ఇక్కడున్న పెద్దావిడ నిర్భయంగానే మాట్లాడుతుంది. కానీ ఆమె అన్నదమ్ముల పిల్లలు ఇంకా యాంగూన్‌లోనో మౌల్మీన్‌లోనో ఉంటే, 2021 ఫిబ్రవరి 1న మళ్లీ సైన్యం చేతికి చిక్కిన ఆ దేశంలో ఆమె మాట వారి మెడకు చుట్టుకోవచ్చు. ఇండోనేషియాలో 1965–66 హత్యాకాండపై జాషువా ఓపెన్‌హైమర్ 2012లో తెచ్చిన చిత్రంలో స్థానిక సిబ్బంది చాలామంది పేర్లు వేయలేదు, ‘అజ్ఞాత వ్యక్తి’ అనే వేశారు. నాలుగు దశాబ్దాలు దాటినా ఆ భయం తీరలేదు. కాబట్టి ముఖానికి, గొంతుకు, ఊరి పేరుకు విడివిడిగా అనుమతి అడుగు. కూర్పు పూర్తయ్యాక వారికి చూపించి మరొకసారి అడుగు. అప్పుడు వద్దంటే ఎంత గొప్ప దృశ్యమైనా తీసివేయాల్సిందే.

“ఎంత బాధపడ్డారు?” అని అడగవద్దు. పెట్టెలో ఏం సర్దుకున్నారు, రేవులో తనిఖీ చేసినవాడు ఏది లాక్కున్నాడు, చెల్లని నోట్లను ఏం చేశారు అని అడిగితే బాధ దానంతటదే మాటల్లోకి వస్తుంది. వారు ఆగినప్పుడు నువ్వూ ఆగు, రికార్డింగు మాత్రం ఆపకు. తేదీ తప్పు చెబితే అక్కడే సరిదిద్దకుండా, పాత పాస్‌పోర్టు, పునరావాస కాగితాలు చూసి సరైన తేదీని తెర మీద అక్షరాల్లో వేయి. ఆ కాగితాల వెనక వైపు కూడా ఫొటో తీయి. ముద్రలు, పెన్సిలు రాతలు అక్కడ కూడా ఉంటాయి. రొయ్యల చెరువుల పక్క ఇళ్లలో తెల్లవారుజామున నీళ్లకు గాలి అందించే ఏరియేటర్ల హోరు మాటను మింగేస్తుంది గనుక ఎండెక్కాక కూర్చోబెట్టు. విషాద సంగీతం మాత్రం జోడించకు, ఆ గొంతులకు అది అక్కరలేదు.

చిలీలో 1973 సెప్టెంబరు 11 సైనిక కుట్రకు ముందు డాక్యుమెంటరీ దర్శకుడు పాట్రిసియో గుజ్మాన్ బృందం తీసిన రీళ్లు, కుట్ర తరువాత స్వీడన్ రాయబార కార్యాలయం సాయంతో దేశం దాటాయి. క్యూబాలో కూర్పు జరిగింది. ఆ దృశ్యాలు తీసిన కెమెరామన్ హోర్హే ముల్లర్‌ను 1974 నవంబరులో రహస్య పోలీసులు పట్టుకుపోయారు, ఆ తరువాత ఆయన జాడ లేదు. రీళ్లు అక్కడే ఉండిపోయి ఉంటే ఆయన చూసినది కూడా ఆయనతోనే పోయేది. అందుకే రికార్డు చేసిన రోజే మూడు ప్రతులు తీయి. మూలప్రతిని ముట్టుకోకుండా నకలు మీదే కూర్పు చెయ్యి. ఒక హార్డ్‌డిస్కు నీ దగ్గర, ఒకటి మా ఇంట్లో పెట్టినా, మూడోది ఈ వరద ముంపు లేని చోట, హైదరాబాదులో మీ అక్క దగ్గర ఉండాలి.