సరాయెవో వెళ్తున్న అమ్మాయికి

చి. హారికకు పెదనాన్న ఆశీస్సులు.

బోస్నియా రాజధాని సరాయెవోకి టికెట్లు తీసుకున్నావని మీ నాన్న చెప్పాడు. నేను ఐక్యరాజ్యసమితి పోలీసుగా పనిచేసిన ఊరికి మా పిల్ల తనంతట తాను వెళ్తోందంటే గర్వంగానే ఉంది. నిద్ర మాత్రం పట్టలేదు.

వీసా, స్వెట్టర్లు, మందులు నీకు చెప్పక్కర్లేదు. ట్రెబెవిచ్ కొండ మీద 1984 ఒలింపిక్స్ నాటి బాబ్‌స్లెడ్ ట్రాక్ చూస్తావుగా, ఫొటో కోసమని దారి దిగి చెట్లలోకి పోకు. మందుపాతరలు పాతిన కొండ అది. పుర్రె బొమ్మ ఉన్న ఎర్ర బోర్డు కనిపిస్తే అటు అడుగు వెయ్యొద్దు. బోర్డు లేదు కదా అనీ వెయ్యొద్దు.

అసలు సంగతికొస్తాను. బోస్నియా యుద్ధం ఆగిన కొత్తలో మేం అద్దెకున్న ఇంటావిడకి డెబ్బై దాటాయి. కిటికీలకి అద్దాల్లేవు, ప్లాస్టిక్ పట్టాలే. నాతోపాటున్న ఆఫీసరొకడు ఓరోజు కెమెరా తీసి, గోడ దగ్గర నిలబడమని ఆవిడకి సైగ చేశాడు. ఆవిడ లోపలికెళ్లి తల దువ్వుకుని, మంచి రుమాలు కట్టుకుని వచ్చి నిలబడింది. వీడు కాస్త పక్కకి జరగమని చెయ్యి ఊపాడు. షెల్లు ముక్కలు తగిలిన బొక్కలకి ఆవిడ అడ్డమట! ఆవిడ వెనక్కి తిరిగి గోడ చూసుకుంది. జరిగింది. ఫొటో వాడికి బాగానే వచ్చింది. మర్నాటి నుంచి మా కాఫీ గుమ్మంలో పెట్టేసి వెళ్లిపోయేది.

నీ చేతిలో ఎప్పుడూ ఫోనుంటుంది. అదీ నా భయం.

మార్కాలె బజారులో 1994 ఫిబ్రవరి 5న ఒక్క షెల్లు 68 మందిని చంపింది. వాళ్ల పేర్లున్న ఎర్ర గోడ దగ్గరే ఇప్పటికీ కూరలమ్ముతారు. ముందు పళ్లు కొను, బేరమాడకు, తర్వాత గోడ చూడు. షెల్లు పడి జనం పోయినచోట రోడ్డు గుంటల్లో ఎర్ర రెసిన్ నింపారు, గులాబీలంటారు. వాటి మీద నిలబడి రీల్స్ తీశావో, ఇంటికి రాకు. రావద్దన్నా వస్తావులే.

యుద్ధంలో ఊరిని చుట్టుముట్టిన రోజుల్ని చూపించే ముట్టడి టూర్లకి వెళ్లడం తప్పేం కాదు. దాదాపు నాలుగేళ్లు అందులో నలిగినవాళ్లు ఆ కథ చెప్పి సంపాదించుకుంటే మనకేం నొప్పి? గైడు ఆ ఊరివాడేనా అని మాత్రం కనుక్కో. ముట్టడప్పుడు విమానాశ్రయం కింద తవ్విన సొరంగంలో తల జాగ్రత్త, నీది మీ నాన్న పొడుగు. కాఫీ పోసిన ప్రతివాళ్లనీ ‘మీవాళ్లెవరైనా పోయారా’ అని అడక్కు. మనూళ్లో ఇంటిపేరడిగి కులం లాగినట్టు, పేరడిగి బోస్నియాక్ ముస్లిమా, సెర్బా అని అస్సలు లాగకు. వాళ్లంతట వాళ్లు చెప్తే విను.

పాతబజారు బష్చార్షియాలో ఖాళీ తూటాలతో చేసిన పెన్నులమ్ముతారు. చేసేవాడి పొట్టకూటిని నేనేమీ అనను. కానీ ఖాళీదైనా సరే, మన ఎయిర్‌పోర్టులో దొరికితే ఆయుధాల చట్టం కేసు మెడకి చుట్టుకోవచ్చు. రిటైరైనవాణ్ణి, నా మాట ఎవడూ వినడు. దాని బదులు రాగి కాఫీ గిన్నె ఒకటి పట్రా, మీ పెద్దమ్మ ఎప్పట్నుంచో అడుగుతోంది.

మీ పెదనాన్న