బి.టెక్ మానేసి దర్శకత్వం: డ్రేయర్ జీవితం ఏం చెబుతోంది?

ప్రశ్న: మా అమ్మాయి బి.టెక్ మూడో సంవత్సరం చదువుతోంది. కార్ల్ థియోడర్ డ్రేయర్ అనే డెన్మార్క్ దర్శకుడి సినిమాలు చూసి, చదువు మానేసి దర్శకత్వం నేర్చుకుంటానంటోంది. స్థలం అమ్మి ప్రైవేటు ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చేర్చమంటారా, పుణెలోని ప్రభుత్వ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐ కోసం ఆగమంటారా? బంధువులకు ఏం చెప్పాలో తోచక ఆమెతో మాట్లాడటమే మానేశాను. – ఒక తండ్రి

జవాబు: మీరు అడిగింది రెండు సంస్థల గురించే అయినా, మీ అసలు భయం నలభై ఏళ్లు వచ్చేసరికి అమ్మాయి పని లేకుండా మిగిలిపోతుందేమోనని. ఇలాంటి ఉత్తరాలు నాకు తరచూ వస్తాయి. ఈసారి జవాబు ఆమె అభిమానించే దర్శకుడి జీవితంలోనే ఉంది.

1889లో కోపెన్‌హాగెన్‌లో పెళ్లికాని తల్లికి పుట్టి, దత్తతకు వెళ్లిన డ్రేయర్ ఏ ఫిల్మ్ స్కూల్లోనూ చదవలేదు. మొదట టెలిగ్రాఫ్ కంపెనీలో గుమాస్తాగా, తరువాత పత్రికా విలేకరిగా పనిచేశారు. ఆపైన నార్డిస్క్ ఫిల్మ్ సంస్థలో మూకీ చిత్రాలకు తెర మీద కనిపించే మాటలు, స్క్రిప్టులు రాస్తూ కొన్నేళ్లు గడిపారు. ఆయన తొలి చిత్రం 1919లో, ముప్పై ఏళ్ల వయసులో వచ్చింది. 1928లో ఫ్రెంచ్ వీరవనిత జోన్ ఆఫ్ ఆర్క్ మీద ఫ్రాన్సులో తీసిన మూకీ చిత్రాన్ని నేడు ప్రపంచమంతా మెచ్చుకుంటున్నా, అప్పట్లో అది డబ్బు తేలేదు. 1932 నాటి ‘వాంపిర్’ కూడా దెబ్బతిన్నాక, మళ్లీ పూర్తి నిడివి చిత్రం తీయడానికి 1943 దాకా ఆగాల్సి వచ్చింది. ఆ విరామంలో ఆయన తిరిగి పత్రికారచనకు వెళ్లి, కోర్టు విచారణల వార్తలు రాశారు. తరువాత ప్రభుత్వ సంస్థల కోసం లఘుచిత్రాలు తీశారు. 1952లో కోపెన్‌హాగెన్‌లోని డగ్మార్ సినిమా హాలు నడిపే బాధ్యతను ప్రభుత్వం ఆయనకు అప్పగించడంతో నిలకడైన ఆదాయం దొరికింది. 1955లో ‘ఓర్డెట్’ చిత్రానికి వెనిస్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి గోల్డెన్ లయన్ వచ్చేనాటికి ఆయన వయసు అరవై ఆరు. మొత్తం తీసినవి పద్నాలుగు చిత్రాలు. ‘వాంపిర్’ తరువాతి ముప్పై రెండేళ్లలో నాలుగే.

చిత్రాలు లేని ఏళ్లలో ఆయనను ఆదుకున్నది రాయగల చెయ్యి. సినిమా హాలు అప్పగించే ప్రభుత్వం మనకు లేదు కాబట్టి, మీ అమ్మాయికి అలాంటి రెండో పని ఇంకా ఎక్కువ అవసరం.

అందుకే ఏడాది, రెండేళ్ల ప్రైవేటు దర్శకత్వ డిప్లొమాల మీద నాకు గట్టి సందేహం ఉంది. ఎడిటింగ్, సౌండ్, కెమెరా నేర్చుకున్నవారికి చేతిలో ఒక పని ఉంటుంది, దాన్ని చూపించి ఉపాధి అడగవచ్చు. దర్శకత్వ పత్రం చూపిస్తే ఏ నిర్మాతా సినిమా ఇవ్వడు. కొన్ని చోట్ల పిల్లలు లక్షలు కట్టి, పట్టుమని రెండు లఘుచిత్రాలతో బయటికి వస్తున్నారు. పరికరాలు విద్యార్థి చేతికి ఎన్ని గంటలు ఇస్తారో, పాత విద్యార్థులు ఇప్పుడు ఏం చేస్తున్నారో కనుక్కోకుండా స్థలం అమ్మవద్దు. ఎఫ్‌టీఐఐలో మూడేళ్ల దర్శకత్వ కోర్సుకు ఏదైనా డిగ్రీ ఉండాలి. బి.టెక్ మధ్యలో ఆపితే ఆ తలుపు మూసుకుపోతుంది, కాబట్టి చదువు పూర్తి చేయించండి.

ఒక మాట కటువుగానే చెప్పాలి. ఉత్తరంలో బంధువుల ప్రస్తావన ఉంది, స్థలం ప్రస్తావన ఉంది, కానీ ఆ అమ్మాయి ఇంతవరకు ఏం రాసిందో, ఏం తీసిందో ఒక్క వాక్యం లేదు. ఆమె రాసినది మీరు చదివారా? నిర్ణయం తీసుకోవలసిన వేళ మాట్లాడటం మానేయడం తండ్రి చేయవలసిన పని కాదు. పాటలు, ఫైట్లు లేని వందేళ్ల నాటి మూకీ చిత్రాన్ని ఓపికగా చూసి ఇష్టపడిన పిల్లది గాలివాటం ఇష్టమని నేను అనుకోను. ఆమెకు నలభై ఏళ్లు వచ్చేనాటి బెంగ ఈరోజే మోయవద్దు. ఇరవై ఏళ్ల వయసులో డ్రేయర్ చేతిలోనూ సినిమా లేదు.

ఈ ఆదివారం ఆమెతో కూర్చుని ఆ జోన్ ఆఫ్ ఆర్క్ చిత్రం చూడండి. తరువాత ఆమె రాసిన ఒక కథ అడిగి చదవండి. డిగ్రీ అయ్యేలోగా, సెలవుల్లో ఎడిటింగ్ నేర్చుకోవడానికి అయ్యే ఖర్చు మీరే భరిస్తానని చెప్పండి.