సెలీనా ఇంటి గురించి కిరణ్‌కి

నాన్నా కిరణ్,

డాలస్‌కి ఉత్తరాన సెలీనాలో మీరు కొందామనుకుంటున్న కాలనీ మోడల్ హోమ్ (బిల్డరు చూపించడానికి పెట్టిన నమూనా ఇల్లు) ఫోటోలు ఆదివారం నువ్వు వాట్సాప్‌లో పంపితే చూశాను. వంటగదిలో ఆ పెద్ద ఐలాండు, మేడ మీద గేమ్ రూమ్, అన్నీ బాగున్నాయి. మీ అమ్మ అప్పుడే తెనాలి నుంచి ఫోన్ చేసి, "అక్కా, వాడు ఇల్లు కొంటున్నాడటగా, ముహూర్తం ఎప్పటికి పెట్టించమంటావ్?" అంది. నువ్వింకా సంతకమే పెట్టలేదన్న సంగతి దానికి చెప్పినట్టు లేవు. ఫోన్లో చెబుదామంటే మధ్యలో పాప ఏడుస్తుంది, నాకేమో సగం మాటలు మతిలో ఉండవు. అందుకే కూర్చుని రాస్తున్నా. స్వాతిని కూడా పక్కన కూర్చోబెట్టుకుని చదువు. అప్పు ఇద్దరిదీ కదా.

"ఐదు లక్షల డాలర్ల ఇల్లు మేం కొనగలమా పెద్దమ్మా?" అని అడిగావు. మీ ఇద్దరి జీతాలు చూసి బ్యాంకు వాడు కొనగలరనే అంటాడు, వాడి వ్యాపారం అది. నేనడిగేది వేరే: ఆ ఇంట్లో ఎన్నేళ్ళుంటారు?

ఎందుకంటే, ఒక లక్ష కట్టి నాలుగు లక్షలు అప్పు తీసుకున్నారనుకో. ఆరున్నర శాతం వడ్డీకి ముప్పై ఏళ్ళ లోను అయితే నెలకి 2,528 డాలర్లు. మొదటి నెల కట్టిన దాంట్లో 2,167 వడ్డీకే పోతుంది, అసలు తీరేది 361. ఐదేళ్ళు ఒక్క నెల తప్పకుండా కడితే లక్షా యాభై వేలు పైగా కట్టినట్టు. అప్పు మాత్రం ఇంకా 3,74,000 పైనే ఉంటుంది. అంటే ఐదేళ్ళకి తీరింది పాతిక వేలు చిల్లర. అప్పుడు అదే ధరకి అమ్మితే ఏజెంట్ల కమీషనూ టైటిల్ ఖర్చులూ కలిపి ఆ పాతిక వేలూ పోతాయి, పైన ఇంకొంచెం కూడా పోవచ్చు. ధర పెరిగితే లాభమే, కాదనను. కానీ పెరుగుతుందని ఎవరైనా నీకు రాసిస్తారా? ఏడెనిమిదేళ్ళు ఉండగలమనుకుంటే కొనండి. మూడేళ్ళకే కాలిఫోర్నియా వెళ్తామేమో, ఇండియా వెళ్తామేమో అని ఏ మూలనైనా ఉంటే అద్దె ఇల్లే చవక.

పైగా ఆ 2,528 ఇంటి ఖర్చులో ఒక ముక్క మాత్రమే. టెక్సాస్‌లో రాష్ట్రానికి ఇన్‌కమ్ టాక్స్ లేదని మనవాళ్ళు సంబరపడతారు. ఆ డబ్బంతా ఇంటి మీద పన్ను రూపంలో లాగేస్తారు. రెండు శాతం లెక్కన ఐదు లక్షల ఇంటికి ఏడాదికి పదివేలు, నెలకి 833. ఇన్సూరెన్స్ వడగళ్ళ వల్ల ఏటేటా పెరుగుతూనే ఉంది. పైన హెచ్‌ఓఏ, అంటే కాలనీ సంఘానికి కట్టే రుసుము. అన్నీ కలిపితే నెలకి 3,700 దాటుతుంది. తెనాలిలో మీ నాన్న ఏడాదికోసారి మున్సిపాలిటీకి కట్టే ఇంటిపన్ను చూసి పెరిగినవాడివి కాబట్టి ఇది నీ ఊహకి అందదు. ఇక్కడ లోను మొత్తం తీరిపోయినా పన్ను కట్టకపోతే కౌంటీ వాళ్ళు ఇల్లు వేలం వేస్తారు.

మా సంగతి చెబుతా విను. 2011లో ఈ ప్లేనో ఇల్లు కొత్తగా కట్టించుకున్నాం. మొదటి ఏడాది ప్రాపర్టీ టాక్స్ పదహారు వందలే వచ్చింది. మీ పెదనాన్న అందరికీ ఫోన్లు చేసి మరీ చెప్పారు. అసలు విషయమేమంటే, ఇక్కడ జనవరి 1న ఆస్తి ఎలా ఉందో దాన్ని బట్టే ఆ ఏడాది పన్ను. ఆ రోజుకి మాది ఖాళీ స్థలం, అంతే. మరుసటి ఏడాది ఇంటితో కలిపి వేసేసరికి ఎనిమిది వేల ఏడు వందలైంది. లోను కంపెనీ నుంచి ఉత్తరం వచ్చింది, ఎస్క్రోలో (పన్నుకీ ఇన్సూరెన్సుకీ వాళ్ళు మన దగ్గర నెలనెలా తీసుకుని దాచే ఖాతాలో) ఏడు వేలు తక్కువపడిందని. ఆ బాకీ, పెరిగిన పన్ను రెండూ కలిసి నెలకి దాదాపు పన్నెండు వందలు ఎక్కువ కట్టాం. ఆ ఉత్తరం ఇప్పటికీ నా ఫైల్లో ఉంది. సేల్స్ ఆఫీసులో ఆ అమ్మాయి నీకు కాగితం మీద వేసి చూపించిన నెలసరి లెక్కలో పన్ను ఇంటితో కలిపి వేసిందా, ఉత్త స్థలానికి వేసిందా అడుగు. సెలీనా లాంటి కొత్త కాలనీల్లో పీఐడీ అనో మడ్ అనో, కాలనీకి వేసిన రోడ్లు, నీటి పైపుల ఖర్చు కింద ఇంకో వడ్డింపు కూడా ఉంటుంది. అదెంత, ఎన్నేళ్ళు కట్టాలి అన్నది రాతపూర్వకంగా తీసుకో.

ఇల్లు కొన్నాక హోమ్‌స్టెడ్ ఎగ్జెంప్షన్‌కి, అంటే మనం కాపురముండే ఇంటికిచ్చే పన్ను తగ్గింపుకి, అప్లై చేయడం మర్చిపోకు. డ్రైవింగ్ లైసెన్సు మీద కొత్త అడ్రసు మార్చుకుంటే చాలు, ఉచితం. స్కూల్ టాక్స్ లెక్కలో ఇంటి విలువలోంచి 1,40,000 తీసేస్తారు, 2025లో పెంచారు. ఏటా పన్ను వేసే విలువ పది శాతానికి మించి పెంచకూడదన్న హద్దు కూడా దాంతోనే వస్తుంది. అప్లై చేసి పెడతామని ఉత్తరాలు రాసి డబ్బడిగే వాళ్ళుంటారు, వాళ్ళకి ఒక్క డాలరు ఇవ్వకు.

ఇక మట్టి. నవ్వకు, ఇది అన్నిటికంటే ముఖ్యం. ఇక్కడిది మన గుంటూరు జిల్లా నల్లరేగడి లాంటిదే. ఎండకి బీటలిస్తుంది, వానకి ఉబ్బుతుంది. మొదట ఇర్వింగ్‌లో కొన్న పాత ఇంట్లో ఒక ఆగస్టు నెలలో పూజ గది తలుపు పడటం మానేసింది. నేను చెక్క ఉబ్బిందనుకుని రంపంతో కింద గీయించా. చలికాలంలో చూస్తే తలుపు కింద వేలు దూరేంత సందు. అప్పటికి గోడ మీద తలుపు మూల నుంచి ఏటవాలుగా పగులు. ఇల్లే కదులుతోందన్నమాట. అప్పట్నుంచీ వేసవిలో ఇంటి చుట్టూ అడుగు దూరంలో సోకర్ హోస్ (నీళ్ళు కొద్దికొద్దిగా ఊరే గొట్టం) పెట్టి పునాదికి నీళ్ళు పెడతాం. మా అత్తగారు వచ్చినప్పుడు, "మొక్కల్లేని చోట నీళ్ళెందుకే?" అని రోజూ అడిగేవారు.

కప్పు సంగతీ అంతే. 2016 మార్చిలో ప్లేనోలో వడగళ్ళు పడ్డాయి. ఇన్సూరెన్స్ ఉంది కదా అనుకుంటాం. గాలి, వడగళ్ళ నష్టానికి డిడక్టిబుల్, అంటే ముందు మనం భరించాల్సిన వంతు, ఇంటి కవరేజీలో రెండు శాతం అని మా పాలసీలో చిన్న అక్షరాల్లో ఉంది. మూడు లక్షల కవరేజీకి ఆరు వేలు మా జేబులోంచే కట్టాం. మీ పాలసీలో ఒకటా రెండా చూసుకో.

"మా టీమ్‌లో అందరూ కొనేశారు, మేమే మిగిలాం" అన్నావు చూడు, అది నాకు నచ్చలేదు. ఈ దేశంలో సొంతిల్లు ఉన్న కుటుంబాలు నూటికి అరవై ఐదు. 2004లో 69 దాటింది, ఆ పైన కూలి 2016కి 63 లోపుకి దిగింది. ముప్పై ఐదేళ్ళ లోపు వాళ్ళలో చూస్తే నూటికి 37 మందికే ఉంది. అరవై ఐదు దాటినవాళ్ళలో దాదాపు 79. రియల్టర్ల సంఘం 2025లో చేసిన సర్వేలో మొదటిసారి ఇల్లు కొన్నవాళ్ళలో సగం మందికి నలభై, ఆ పైన వయసని తేలింది. కొన్నవాళ్ళలో మొదటిసారి కొనేవాళ్ళు నూటికి ఇరవై ఒక్క మందే, ఆ సర్వేల్లో అంత తక్కువ ఎప్పుడూ లేదు. నీకు ముప్పై రెండు. ఎవరికంటే వెనకబడ్డావు నువ్వు?

నీకు ఇళ్ళు దొరక్కపోవడానికి నాలాంటి వాళ్ళం కూడా కారణమే. 2021 జనవరిలో వడ్డీ 2.65 శాతానికి పడిపోయింది, అంత తక్కువ మునుపెన్నడూ లేదు. ఆ ఏడే మేం పాత లోను తీర్చేసి రెండూ ముప్పావు శాతానికి కొత్త లోను తీసుకున్నాం, రీఫైనాన్స్ అంటారు. 2023 అక్టోబరుకి అది 7.79 అయింది. ఇప్పుడు పిల్లలిద్దరూ వెళ్ళిపోయారు, నాలుగు పడకగదుల్లో మేమిద్దరం ఒకరినొకరు వెతుక్కుంటున్నాం. అమ్మేసి చిన్న ఇంటికి మారదామంటే, దానికి ఆరు శాతం దరిదాపు వడ్డీ కట్టాలి. నెల కంతు ఇప్పటి కంటే తగ్గదు. మరి ఎందుకు కదులుతాం? మా వీధిలో సగం మంది కథ ఇదే. పాత ఇళ్ళు అమ్మకానికి రాకపోతే నీలాంటి వాళ్ళు ప్రాస్పర్, సెలీనా, అన్నా అనే దూరపు ఊళ్ళ దాకా కొత్త ఇళ్ళ కోసం వెళ్ళాల్సి వస్తోంది. ఆఫీసుకి గంట ప్రయాణం, రెండు కార్లు, టోల్‌వే బిల్లు. అవీ ఇంటి ఖర్చే.

ఇంకో మాట, సందర్భం కాదు గానీ చెప్పాలనిపించింది. తెల్లవాళ్ళలో సొంతిల్లు ఉన్నవాళ్ళు నూటికి 74, మన ఆసియా వాళ్ళలో 62 దాకా, నల్లజాతి వాళ్ళలో 45 దరిదాపు. నాతో పనిచేసిన ఒకావిడ వాళ్ళ నాన్న సైన్యం నుంచి తిరిగొచ్చి లోను కోసం వెళితే ఆ పేటకి ఇవ్వమన్నారట. 1934లో ఇంటి అప్పులకి హామీ ఇచ్చే ప్రభుత్వ సంస్థ ఎఫ్‌హెచ్‌ఏ పెట్టినప్పటి నుంచి అప్పులు ఇవ్వాలా వద్దా అన్నది పేటని బట్టి నిర్ణయించేవాళ్ళు. 1968లో గాని చట్టం అడ్డుపడలేదు. మన పరిస్థితీ ఒకప్పుడు అంతే. 1923లో భారతీయులు పౌరసత్వానికి అర్హులు కారని సుప్రీంకోర్టు తీర్పిచ్చాక కాలిఫోర్నియాలో పంజాబీ రైతులు సొంత పేరు మీద భూమి కొనలేకపోయారు. హెచ్-1బీ ఉద్యోగ వీసా మీద ఉండి నువ్వివాళ కొనగలుగుతున్నావంటే ఆ తర్వాత చాలామంది కొట్లాడారు కాబట్టే.

ఆ హెచ్-1బీ సంగతికే వస్తున్నా. ఉద్యోగం పోతే ఇంకోటి వెతుక్కోవడానికి అరవై రోజులే, లేదంటే దేశం వదలాలి. 2006లో ఫీనిక్స్‌లో కొన్న మా స్నేహితులకి 2009లో ఉద్యోగం పోయింది. అప్పటికి ఇంటి ధర అప్పు కంటే తక్కువైంది. అమ్మితే చేతినుంచి కట్టాలి, కట్టడానికి లేదు. తాళాలు బ్యాంకుకిచ్చేసి హైదరాబాద్ వెళ్ళిపోయారు. వాళ్ళు తెలివితక్కువ వాళ్ళేం కాదు. ఆరు నెలల ఖర్చులు బ్యాంకులో లేవు, అదొక్కటే తేడా. డౌన్ పేమెంటు కట్టాక, క్లోజింగ్ (ఇల్లు మీ పేరు మీదకి మారే రోజు) ఖర్చులు పోయాక, ఆరు నెలలకి సరిపడా మిగలకపోతే కొనొద్దు. ఇంకోటి, ఇండియా వెళ్ళిపోయాక అక్కణ్ణుంచి ఇల్లు అమ్మితే కొన్నవాళ్ళు ధరలో పది పదిహేను శాతం పట్టుకుని ఐఆర్‌ఎస్‌కి (అమెరికా పన్నుల శాఖకి) కట్టాలి. తర్వాత రిటర్ను వేసి వెనక్కి తెచ్చుకోవాలి. వెళ్ళాలనుకుంటే వెళ్ళేముందే అమ్మెయ్యండి.

మీ నాన్న గుంటూరులో స్థలం అమ్మి డబ్బు పంపుతానన్నారట. వద్దని నా మాటగా చెప్పు. ఆయన రిటైరయ్యాక ఉన్న ధైర్యం అదొక్కటే. తప్పదనుకుంటే లెండరుకి (అప్పిచ్చేవాడికి) ఆ డబ్బు తిరిగివ్వక్కర్లేని కానుకేనని గిఫ్ట్ లెటర్ కావాలి, లక్ష డాలర్లు దాటితే నువ్వు ఐఆర్‌ఎస్‌కి 3520 ఫారం ఇవ్వాలి. డౌన్ పేమెంటు ఇరవై శాతం కట్టలేకపోతే పీఎమ్ఐ, అంటే లెండరు కోసం మనం కట్టే ఇన్సూరెన్స్, పడుతుంది, అది నేరమేం కాదు. అప్పు ఇంటి ధరలో ఎనభై శాతానికి దిగాక తీసేయమని రాసి అడిగితే తీసేస్తారు. అడగకపోతే 78 దాకా లాగుతారు. 401కేలో రిటైర్మెంటుకి దాచుకున్న డబ్బు మాత్రం ముట్టుకోకు. ఎఫ్‌హెచ్‌ఏ లోను ఆశ పెట్టుకోకు, 2025 మే నుంచి వీసా మీద ఉన్నవాళ్ళకి ఇవ్వడం లేదు.

బిల్డరు 4.99 వడ్డీ ఇస్తానన్నాడని ఉప్పొంగిపోతున్నావు. ముప్పై ఏళ్ళూ అదేనా, మొదటి రెండేళ్ళకేనా? రెండేళ్ళదైతే మూడో ఏడు నెల కంతు పెరుగుతుంది. వాడి లెండరు దగ్గరా, బయట ఇంకో ఇద్దరి దగ్గరా లోన్ ఎస్టిమేట్ తీసుకో. అది మూడు పేజీల కాగితం, అందరిదీ ఒకే నమూనా, పక్కపక్కన పెట్టి చూడొచ్చు. వడ్డీ తగ్గించానని ఇంటి ధరలో కలిపేశాడా అన్నది అదే కాలనీలో పోయిన నెల అమ్మిన ఇళ్ళ ధరలు కనుక్కుంటే తెలుస్తుంది.

ఈస్ట్ ఫేసింగ్ అని స్థలానికి పదిహేను వేలు ఎక్కువ అడిగాడన్నావు. మనవాళ్ళకి అదంటే ఎంత మోజో సేల్స్ ఆఫీసుల్లో అందరికీ తెలుసు. నీకు పట్టింపు ఉంటే ఇవ్వు, నేను కాదనను. మా ఇల్లు పడమర ముఖం, పద్నాలుగేళ్ళుగా హాయిగానే ఉన్నాం, కరెంటు బిల్లు తప్ప.

కొత్త ఇల్లు కదా, ఇన్‌స్పెక్షన్ ఎందుకని మేం మానేశాం. మొదటి వానాకాలం మేడ మీద బాత్రూం నీళ్ళు డైనింగ్ రూము సీలింగులోంచి కారాయి. పైపు అతికించకుండానే గోడ మూసేశారు. నువ్వు మూడుసార్లు చేయించు: స్లాబు పోసే ముందు, గోడలు మూసే ముందు, క్లోజింగుకి ముందు. ఏడాది వారంటీ ముగిసేలోగా పదకొండో నెలలో ఇంకోసారి. మొత్తం కలిపినా ఆ సీలింగు కంటే తక్కువే అవుతుంది. నీ ఇన్‌స్పెక్టరు నువ్వే వెతుక్కో, సేల్స్ ఆఫీసు వాళ్ళు చెప్పినవాడు వద్దు.

శనివారం పాపని తీసుకుని రండి. గోంగూర పచ్చడి చేసి పెట్టాను. బిల్డరు ఇచ్చిన కాంట్రాక్టు మొత్తం ప్రింటు తీసి తీసుకురా, ఫోన్లో చూపిస్తే నాకు కనబడదు. మధ్యాహ్నం అందరం కలిసి సెలీనా వెళ్దాం. మోడల్ హోమ్ నాకు చూపించొద్దు. ఆ కాలనీలో మూడేళ్ళ కిందట కట్టిన వీధికి తీసుకెళ్ళు. సాయంత్రం ఎవరో ఒకరు బయట మొక్కలకి నీళ్ళు పెడుతుంటారు, వాళ్ళతో మాట్లాడతాను.

ఆశీస్సులతో,
పెద్దమ్మ